కౌలు కంప్యూటరు

సాఫ్ట్‌వేర్ లైసెన్సుల మీద స్త్రీల పత్రికకు వ్యాసమేమిటని, రాస్తున్నానని తెలిసిన స్నేహితురాళ్ళు ఇద్దరు ముగ్గురు అడిగారు. "అది మగపిల్లల యవ్వారం కదా" అందొకామె. నిజమే, మన ఇళ్ళల్లో కంప్యూటరు మొరాయిస్తే కేకేసేది అబ్బాయినే. వచ్చి "కొత్త విండోస్ ఎక్కించి" పోయేదీ అబ్బాయే. కానీ మన కథలూ కవితలూ పరిశోధనలూ పుస్తకాలయ్యే దారిలో ఎక్కడో ఒక చిన్న గదిలో ఒక డి.టి.పి. ఆపరేటర్ చేతుల మీదుగా నడిచి వచ్చినవే. ఆ ఆపరేటర్ చాలాసార్లు స్త్రీ. ఆమె ముందున్న కంప్యూటరు ఎవరిది? అందులో నడిచే విండోస్‌కి డబ్బు ఎవరు కట్టారు? కట్టకపోతే దాని తాళం ఎలా తీశారు? రేపు ఎవరైనా వచ్చి అడిగితే సంజాయిషీ చెప్పుకోవలసింది ఎవరు? ఇవి మన ప్రశ్నలు కాకుండా ఎట్లా పోతాయి?

నేను రేపల్లెలో పెరిగాను. నా పిహెచ్.డి. బాపట్లలో పుట్టిన కనుపర్తి వరలక్ష్మమ్మగారి (1896-1978) మీద. 'గృహలక్ష్మి' పత్రికలో ఆమె రాసిన 'శారద లేఖలు', 1931లో బాపట్లలో ఆమె స్థాపించిన స్త్రీ హితైషిణీ మండలి నా అధ్యయన విషయాలు. ఆ సిద్ధాంత గ్రంథాన్ని తెనాలిలో టైపు చేసింది మా వదిన. ఈ మూడు ఊళ్ళ మధ్య రైళ్ళలో, బస్సుల్లో తిరిగిన ఆ ఏళ్ళలోనే లైసెన్సు అనే మాట నాకు సాహిత్యానికి సంబంధించిన మాటగా కూడా కనిపించడం మొదలైంది.

మా వదిన ఇంటర్ దాకా చదివింది. పెళ్ళయ్యాక, పెద్దవాడు బడికి పోవడం మొదలుపెట్టాక, ఆరు నెలలు పేజ్‌మేకర్ నేర్చుకుని ఒక డి.టి.పి. సెంటర్లో చేరింది. తెనాలి అచ్చుకు పేరుబడ్డ ఊరు. సీసపు అక్షరాలు పేర్చే రోజుల్లో కంపోజిటర్లు దాదాపు అందరూ మగవాళ్ళే. చేతులు నల్లబడే పని, రాత్రుళ్ళు చేసే పని, నైపుణ్యం ఉన్న పని అనేవాళ్ళు. అదే పని కీబోర్డు మీదికి వచ్చేసరికి 'నీడపట్టున కూర్చుని చేసే పని' అయింది. ఆడవాళ్ళకు తలుపు తెరుచుకుంది. జీతం మాత్రం తగ్గింది. ఒక పనిలోకి స్త్రీలు రాగానే అందులోని నైపుణ్యం ఎవరికీ కనిపించకుండా పోవడం మనకు కొత్త సంగతేమీ కాదు.

ఆ సెంటర్లో మూడు కంప్యూటర్లుండేవి. విండోస్, పేజ్‌మేకర్, దాని మీద అను ఫాంట్లు. ఏదీ డబ్బు పెట్టి కొన్నది కాదు. ఊరి డి.టి.పి. పనికి అదే మామూలు సరంజామా. 2008లో మైక్రోసాఫ్ట్, తన పరీక్షకు నిలవని విండోస్ ఎక్స్‌పి కంప్యూటర్లలో తెర వెనకభాగం గంటకోసారి నల్లబడేటట్టు చేసింది. ఇది అసలుది కాదు సుమా అని గుర్తు చెయ్యడానికి. ఆ నల్ల తెర సంగతి వదిన ఇప్పటికీ చెబుతుంది. "ఓనరుగారికి ఫోన్ చేస్తే 'కుర్రాణ్ణి పంపిస్తాలే' అనేవాడమ్మాయ్. ఆ కుర్రాడు వచ్చేది సాయంత్రానికి. అప్పటిదాకా నేను చేసిన పేజీలెన్ని? సున్న. పేజీల లెక్కన కదా నాకిచ్చేది. కీ కొనకుండా మిగిల్చుకున్నది ఆయన, పూట పోగొట్టుకున్నది నేను."

సాఫ్ట్‌వేర్ దొంగతనం గురించి నేను చదివిన నివేదికల్లో ఎక్కడా ఈ వాక్యం లేదు. సాఫ్ట్‌వేర్ కంపెనీల సంఘమైన బి.ఎస్.ఎ. లెక్క ప్రకారం 2017లో మన దేశంలో వాడిన సాఫ్ట్‌వేర్‌లో 56 శాతం లైసెన్సు లేనిది. పరిశ్రమ తన నష్టాన్ని తాను లెక్కగట్టుకున్న అంకె అది. ఆ 56 శాతం లోపల యజమాని ఎవరో, కూలి ఎవరో ఆ లెక్కకు అక్కర్లేదు.

* * *

ఆపరేటింగ్ సిస్టం అంటే కంప్యూటరు ఒళ్ళు విరుచుకుని లేచి, మనం చెప్పే మాట వినేటట్టు చేసే మూల ప్రోగ్రాము. దానికొక ధర, ఒక తాళం ఉండటం ప్రకృతి ధర్మం అన్నట్టు మనకు అలవాటైపోయింది. కానీ ఆ తాళం వయసు ఎంతో కాదు.

1960ల దాకా సాఫ్ట్‌వేర్‌ను యంత్రంతో పాటే ఇచ్చేవాళ్ళు. ఐ.బి.ఎం. కంపెనీ 1969 జూన్‌లో మొదటిసారి కొన్ని ప్రోగ్రాములకు విడిగా ధర కడతానని ప్రకటించింది. అప్పటికి కూడా ఆపరేటింగ్ సిస్టం మాత్రం యంత్రంతో కలిసే వచ్చేది. ఇక్కడ ఒక స్త్రీని తలుచుకోవాలి. మేరీ ఆలెన్ విల్క్స్‌కి న్యాయవాది కావాలని కోరిక. ఆడపిల్లకు ఆ చదువెందుకని చుట్టూ ఉన్నవాళ్ళు నిరుత్సాహపరిస్తే ప్రోగ్రామింగ్‌లోకి వచ్చింది. 1965లో బాల్టిమోర్‌లోని తల్లిదండ్రుల ఇంట్లో లింక్ అనే చిన్న కంప్యూటరును పెట్టుకుని, ఆ యంత్రానికి లాప్-6 అనే ఆపరేటింగ్ సిస్టం రాసింది. ఇంట్లో కంప్యూటరు పెట్టుకుని పని చేసిన తొలి వ్యక్తుల్లో ఆమె పేరు చెబుతారు. 1970లలో ఆమె కంప్యూటర్లు వదిలి లా చదివి న్యాయవాది అయింది కూడా. ఆపరేటింగ్ సిస్టంల చరిత్ర అనగానే గరాజుల్లో కూర్చున్న కుర్రాళ్ళ కథలు చెబుతారు గానీ నడవాలో యంత్రాన్ని పెట్టుకున్న ఈ కూతురి కథ ఎందుకు చెప్పరో!

1976 ఫిబ్రవరిలో బిల్ గేట్స్ కంప్యూటరు ప్రియులకు ఒక బహిరంగ లేఖ రాశాడు. తమ బేసిక్ ప్రోగ్రామును డబ్బు కట్టకుండా నకళ్ళు తీసి పంచుకుంటున్నారని ఫిర్యాదు. వృత్తిగా చెయ్యవలసిన పనిని ఊరికే ఎవరు చేస్తారు అన్నది ఆ లేఖ సారాంశం. తరవాత 1981లో మైక్రోసాఫ్ట్ సియాటెల్‌లోని మరో చిన్న కంపెనీ దగ్గర 86-డాస్ అనే ఆపరేటింగ్ సిస్టం హక్కులు కొనుక్కుని ఐ.బి.ఎం. పర్సనల్ కంప్యూటరుకు ఇచ్చింది. ఇచ్చింది గానీ ఇతరులకు కూడా ఇచ్చుకునే హక్కు తన దగ్గరే ఉంచుకుంది. మిగిలిన కథంతా ఆ ఒక్క షరతులోంచి పుట్టింది. కంప్యూటర్ల తయారీదార్లు అమ్మే ప్రతి యంత్రానికీ, అందులో తమ సిస్టం ఉన్నా లేకపోయినా, రుసుము కట్టేటట్టు ఒప్పందాలు రాయించుకుంది. అది పోటీని తొక్కిపెట్టే పద్ధతి అని అమెరికా న్యాయశాఖ పట్టుబడితే 1994లో మానుకోవడానికి ఒప్పుకుంది. అంటే నకళ్ళు తీసుకున్నవాడు డబ్బు ఎగ్గొట్టాడని ఏ నోరు అన్నదో, ఆ నోరే తన సరుకు లేని యంత్రానికి కూడా డబ్బు అడిగింది.

మొదట్లో తాళం పెట్టె మీద రాసి ఉన్న కొన్ని అంకెలే. సీడీతో పాటు ఆ అంకెలు కాగితం మీద రాసుకుని పోతే సరిపోయేది. 2001 అక్టోబరులో ఎక్స్‌పితో యాక్టివేషన్ వచ్చింది. కంప్యూటరు లోపలి భాగాలను బట్టి ఒక గుర్తు తయారై కంపెనీకి చేరాలి. 30 రోజుల్లో అక్కడి నుంచి సరే అని జవాబు రావాలి. ఇంటర్నెట్ లేకపోతే ఫోన్ చేసి చాంతాడంత అంకెల వరుస చదివి వినిపించాలి. తాళం ఎప్పుడు పుడితే మారుతాళం అప్పుడే పుడుతుంది కదా. పెద్ద సంస్థల కోసం యాక్టివేషన్ అవసరం లేకుండా ఇచ్చిన కీ ఒకటి ఎక్స్‌పి విడుదల కాకముందే బయటికి పొక్కి ప్రపంచమంతా తిరిగింది. ఆ తరవాత, పెద్ద కంపెనీల కంప్యూటర్లకు పుట్టుమచ్చలాగా లోపల ఉండే గుర్తును ఏ పేరూ లేని కంప్యూటరుకు కూడా ఉన్నట్టు నటింపజేసే ప్రోగ్రాములు వచ్చాయి.

అన్నిటికంటే ఎక్కువకాలం నిలిచింది మూడో రకం. 2007లో విస్తాతో పాటు వచ్చిన కె.ఎం.ఎస్. అనే ఏర్పాటులో, విశ్వవిద్యాలయాల వంటి పెద్ద సంస్థలు తమ దగ్గరే ఒక సర్వరు పెట్టుకుంటాయి. కనీసం 25 కంప్యూటర్లుంటే ఆ సర్వరు వాటికి అనుమతి ఇస్తుంది. ప్రతి కంప్యూటరూ 180 రోజుల్లోపు దాని దగ్గర అనుమతి తిరగరాయించుకోవాలి. అనధికార యాక్టివేటర్లు చేసే పనల్లా, ఆ సర్వరు వేషంలో ఒక చిన్న ప్రోగ్రామును మన కంప్యూటరులోనే కూర్చోబెట్టడం. కంప్యూటరు అడుగుతుంది, లోపలున్న దొంగ సర్వరు సరే అంటుంది. మా నాన్న తరానికి అర్థమయ్యే మాటల్లో చెప్పాలంటే, అడంగల్ రాయడానికి ఇంట్లోనే ఒక దొంగ కరణాన్ని పెట్టుకోవడం.

* * *

అసలు మనం విండోస్ 'కొంటాం' అనుకుంటాం. లైసెన్సు పత్రం చదివితే అమ్మడం లేదు, వాడుకోవడానికి అనుమతిస్తున్నాం అని రాసి ఉంటుంది. కొత్త కంప్యూటరుతో వచ్చే లైసెన్సు ఆ యంత్రానికే కట్టుబడి ఉంటుంది. యంత్రం చస్తే అదీ పోయినట్టే. విడిగా ఎక్కువ ధరకు కొన్నదైతే ఒక యంత్రం నుంచి తీసి ఇంకొకదానికి మార్చుకోవచ్చు. ఇవి అర్థం చేసుకోవడానికి కృష్ణా డెల్టాలో పుట్టినవాళ్ళకు పెద్ద కష్టం లేదు. మా చుట్టూ భూమంతా కౌలే. దున్నేది ఒకరు, పట్టా ఒకరిది. 2011లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం కౌలు రైతులకు రుణ అర్హత కార్డులివ్వడానికి తెచ్చిన చట్టం పేరులో కూడా లైసెన్సు అన్న మాటే ఉంది. తెలుగులో 'భూ అధీకృత సాగుదారులు' అన్నారు. భూమి మీద హక్కు కాదు, సాగు చేసుకునే అనుమతి మాత్రమే అని ఆ మాటకర్థం. చేలో వంగి నాటే స్త్రీ పేరు పట్టాలోనూ ఉండదు, కౌలు కార్డులోనూ అరుదే. డి.టి.పి. సెంటర్లోనూ అంతే. పుస్తకం రెండో పేజీలో 'డి.టి.పి.' అని రాసి పక్కన సెంటర్ పేరు వేస్తాం. చేసిన మనిషి పేరు వెయ్యం.

పేరు వెయ్యనివాళ్ళను చట్టం మాత్రం వెతికి పట్టుకోగలదు. మన కాపీరైట్ చట్టానికి 1994లో చేసిన సవరణ 63బి సెక్షన్‌ను చేర్చింది. అది అమ్మినవాడి గురించి కాదు, వాడినవారి గురించి. అక్రమ ప్రతి అని తెలిసి కంప్యూటరులో వాడితే 7 రోజుల నుంచి మూడేళ్ళ దాకా జైలు, 50 వేల నుంచి 2 లక్షల దాకా జరిమానా. లాభానికో వ్యాపారానికో వాడకపోతే జైలు లేకుండా 50 వేలు మించని జరిమానాతో కోర్టు సరిపెట్టవచ్చు. 2012 సవరణ తెచ్చిన 65ఎ, హక్కుల్ని ఉల్లంఘించే ఉద్దేశంతో రక్షణ తాళాన్ని తప్పించడాన్ని కూడా నేరం చేసింది. ఇప్పుడు మా వదినను ఈ సెక్షన్ ముందు నిలబెట్టి చూడండి. 'తెలిసి' వాడిందా? తెలుసు. 'వ్యాపారంలో' వాడిందా? వ్యాపారం ఆమెది కాదు, కానీ వాడింది వ్యాపారంలోనే. కుర్చీలో కూర్చుని ఉన్నది ఆమె. తనిఖీ అంటూ వస్తే మొదట కనిపించేదీ ఆమే. తాళం తీయించిన ఓనరు ఆ సమయానికి ఏ టీ కొట్టు దగ్గరో ఉంటాడు.

అదే చట్టం నాతో ఎంత మర్యాదగా ఉందో కూడా చెప్పాలి. వరలక్ష్మమ్మగారు 1978లో చనిపోయారు కాబట్టి ఆమె రచనల మీద కాపీరైట్ 2038 చివరిదాకా ఉంటుంది. అయినా సొంత పరిశోధన కోసం పాత సంచికల్లోంచి నేను తీసుకున్న ఫోటోకాపీలను చట్టం తప్పు పట్టదు. న్యాయమైన వినియోగం అని దానికొక గౌరవప్రదమైన పేరుంది. 2016లో ఢిల్లీ హైకోర్టు, ఢిల్లీ విశ్వవిద్యాలయంలోని ఫోటోకాపీ కొట్టు కేసులో విద్యార్థుల పాఠ్య సంపుటాలకు అనుకూలంగా తీర్పిచ్చినప్పుడు విశ్వవిద్యాలయాల్లో మేమంతా సంతోషించాం. చదువుకునేవాళ్ళ అవసరాన్ని చట్టం గుర్తించింది. కానీ నా చదువును అక్షరాల్లోకి దింపే మనిషి అవసరానికి అందులో చోటు లేదు. ఆమెది చదువు కాదు, 'జాబ్ వర్కు'.

* * *

ఇక గేట్స్ ప్రశ్న. వృత్తిగా చెయ్యవలసిన పనిని ఊరికే ఎవరు చేస్తారు? వదినకు ఈ ప్రశ్న చెబితే పడీ పడీ నవ్వింది. "మనం చెయ్యట్లా?" అంది. వంట, పిల్లలు, ముసలివాళ్ళు, చుట్టాలు, వాటితో పాటు ఆడబిడ్డ థీసిస్. నా దగ్గర వదిన డబ్బు తీసుకోలేదు. సెంటర్ మూసే వేళ దాటాక కూర్చుని 300 పై చిలుకు పేజీలు టైపు చేసింది, మూడుసార్లు దిద్దింది. స్త్రీల వేతనం లేని శ్రమ గురించి ఒక అధ్యాయం రాసి ఆమెకు ఇచ్చినప్పుడు, దాన్ని కూడా ఆమె వేతనం లేకుండానే టైపు చేసింది. సిద్ధాంత గ్రంథం మొదటి పేజీల్లో ఆమెకు కృతజ్ఞతలు రాస్తే, "ఈ పేజీ తీసెయ్, మీ సారువాళ్ళు నవ్వుతారు" అని తనే చెరపబోయింది. నేను పట్టుబట్టి ఉంచాను.

అయితే ఈ తర్కాన్ని ఇక్కడే ఆపేస్తే నాకు సౌకర్యంగా ఉంటుంది గానీ నిజాయితీగా ఉండదు. నా గ్రంథం తరవాత పుస్తకంగా వచ్చింది. 500 కాపీలు, సగం ఖర్చు నాదే. ఏడాది తిరక్కుండానే దాని పి.డి.ఎఫ్. చేతులు మారింది. ఒక సెమినార్లో ఒకమ్మాయి వచ్చి, "మీ పుస్తకం చదివాను మేడమ్, నా ఫోన్లోనే ఉంది" అని సంతోషంగా చూపించింది. నాకు సంతోషమే కలిగింది, చివుక్కుమనీ అనిపించింది. రచయిత్రులుగా మనం ఈ రెండు భావాలనూ ఎరుగుదుం. మన రాతకు విలువ కట్టమని అడిగే నోటితోనే పక్కవాళ్ళ పనిని ఊరికే తీసుకోవడం న్యాయమని చెప్పలేం. విండోస్‌లోని కొంత భాగం మనవాళ్ళు రాసిందే. మైక్రోసాఫ్ట్ ఇండియా డెవలప్‌మెంట్ సెంటర్ హైదరాబాదులో పెట్టింది 1998లో. తెనాలి, బాపట్ల పక్క పల్లెల నుంచి ఇంజనీరింగ్ చదివి హైదరాబాదు ఐటీ కొలువులకు వెళ్ళిన ఆడపిల్లలు మా బంధువుల్లోనే ఉన్నారు.

కాబట్టి ఎవరి పనిని ఎవరు ఊరికే తీసుకుంటున్నారో విడదీసి చూడాలి. నా పుస్తకం పి.డి.ఎఫ్. చదివిన అమ్మాయి దాంతో వ్యాపారం చెయ్యలేదు. నా దగ్గర పుస్తకం లేకుండా పోలేదు. డి.టి.పి. సెంటర్ యజమాని మాత్రం కంపెనీకి కట్టనిదీ, వదినకు ఇవ్వనిదీ రెండూ ఒకే జేబులో వేసుకున్నాడు. ఇంట్లో చదువుకునే పిల్లకూ, ఆయనకూ ఒకే పేరు పెట్టి 'పైరసీ' అంటే ఎలా? కంపెనీలు కూడా ఈ తేడా ఎరగనివేమీ కాదు. పేద దేశాల కోసమని మైక్రోసాఫ్ట్ 2005లో మన దేశంలో తెచ్చిన చవక ఎక్స్‌పి స్టార్టర్ ఎడిషన్‌లో ఒకేసారి మూడు ప్రోగ్రాములకు మించి తెరుచుకునేవి కావు. తక్కువ డబ్బున్నవాళ్ళకు తక్కువ పనులుంటాయని ఎవరు అనుకున్నారో! ఒక చేత్తో పొయ్యి, ఒక చేత్తో పిల్ల, చెవిలో ఫోను నడిపే ఆడవాళ్ళను వాళ్ళు చూసి ఉండరు.

* * *

డబ్బు గురించీ చట్టం గురించీ ఇంత చెప్పాను గానీ నన్ను నిజంగా భయపెట్టింది వేరే సంగతి.

రేపల్లెలో నాకు తెలిసిన ఒక చిన్న స్త్రీల బృందం ఉంది. కుటుంబ హింసకు గురైన స్త్రీలు వస్తే మాట్లాడతారు, కాగితాలు రాసిపెడతారు, వెంట పోలీస్‌స్టేషన్‌కు వెళతారు. ఎవరో దానమిచ్చిన పాత కంప్యూటరులో ఆ స్త్రీల వివరాలన్నీ ఉండేవి. భర్తల పేర్లు, దెబ్బల ఫోటోలు, ఇప్పుడు ఎక్కడ తలదాచుకుంటున్నారో ఆ చిరునామాలు. ఒకరోజు యాక్టివేషన్ గడువు హెచ్చరిక వస్తే కంప్యూటరును రిపేరు కొట్టుకు పంపారు. అది రెండు రోజులు అక్కడే ఉంది. తిరిగొచ్చాక యాంటీవైరస్ పనిచెయ్యడం లేదు. అడిగితే, "అది ఉంటే యాక్టివేటర్‌ను ఆపేస్తది మేడమ్, అందుకే తీసేశా" అన్నాడు కుర్రాడు. అతను అబద్ధం చెప్పలేదు. ఆ పనిముట్లు యంత్రం మొత్తం మీద సర్వాధికారం అడుగుతాయి. కాపలాను పక్కకు తప్పించమంటాయి. ఎవరు తయారు చేశారో, ఎన్ని చేతులు మారి వచ్చిందో, దారిలో ఎవరు ఏమి కలిపారో తెలియదు. మీటల నొక్కుళ్ళు దొంగిలించేవీ, ఫైళ్ళకు తాళం వేసి డబ్బులడిగేవీ ఆ ముసుగులోనే వస్తుంటాయి.

నెల తిరిగేసరికి ఫైళ్ళు తెరుచుకోవడం మానేశాయి. తెర మీద డబ్బు కట్టమని ఒక నోటీసు. పోయిన వాటిలో కొన్ని కాగితాల మీద కూడా ఉన్నాయి, కొన్ని లేవు. ఆ ఫైళ్ళు పోవడమే కాదు, ఎవరి కంటనైనా పడ్డాయా అన్న ప్రశ్నకు ఇప్పటికీ జవాబు లేదు. భర్తకు తెలియకూడదని వెయ్యి జాగ్రత్తలు పడి వచ్చిన స్త్రీకి ఏం చెబుతాం? విండోస్ గడువు అయిపోయిందమ్మా అనా?

ఇది చిన్న బృందాల పేదరికం మాత్రమే అనుకోనక్కర్లేదు. 2017 మే నెలలో వనాక్రై అనే పాడు ప్రోగ్రాము ప్రపంచమంతటా కంప్యూటర్లకు తాళాలు వేసినప్పుడు, గుంటూరు జిల్లాతో సహా ఆంధ్రప్రదేశ్ పోలీసుశాఖ కంప్యూటర్లు కొన్ని దాని బారిన పడ్డాయి. దాన్ని ఆపే సవరణను మైక్రోసాఫ్ట్ రెండు నెలల ముందే విడుదల చేసింది. అందిన సవరణ వేసుకోనివాళ్ళు దెబ్బతిన్నారు. తాళం పగలగొట్టిన కంప్యూటర్లలో ఆ సవరణలు రాకుండా చాలామంది కావాలనే ఆపేస్తారు, వస్తే నకిలీ బయటపడుతుందని. అంటే డబ్బు కట్టలేనివాళ్ళు తాళాన్ని తప్పించుకుంటారు గానీ దాంతో పాటు కాపలానూ పోగొట్టుకుంటారు. ఆ ధర ఏ లైసెన్సు పత్రంలోనూ రాసి ఉండదు. రహస్యం మీదే ప్రాణం ఆధారపడి ఉన్నవాళ్ళకు, అంటే చాలాసార్లు స్త్రీలకు, ఆ ధర అందరికంటే ఎక్కువ.

* * *

మరి దారి లేదా అంటే ఉంది. 1983లో రిచర్డ్ స్టాల్‌మన్ గ్నూ ప్రకటించాడు. 1991లో లినక్స్ వచ్చింది. వాడుకో, చదువుకో, మార్చుకో, పంచుకో అనే లైసెన్సు అది. తాళం లేదు కాబట్టి మారుతాళం అక్కర్లేదు. 2005లో హైదరాబాదులో మొదలైన 'స్వేచ్ఛ' సంస్థ తెలుగులో గ్నూ/లినక్స్ కోసం పని చేసింది. అయితే ఇంత మంచిది ఉండగా తెనాలి సెంటర్లు ఎందుకు మారలేదన్నది అడగాలి. వదిన సమాధానం ఒక్క ముక్క: "అందులో అను రాదుగా."

విషయమంతా అక్కడే ఉంది. మన పుస్తకాల ఫైళ్ళు అను వంటి ఫాంట్లలో ఉన్నాయి. వాటి లోపల ఉన్నది తెలుగు కాదు, ఇంగ్లీషు అక్షరాల గదుల్లో కూర్చోబెట్టిన తెలుగు బొమ్మలు. ఆ ఫాంటు లేకపోతే అర్థంలేని గీతలే మిగులుతాయి. యూనికోడ్‌లో తెలుగుకు 1991లోనే చోటు దొరికింది. 2001లో ఎక్స్‌పితో గౌతమి ఫాంటు వచ్చింది. దేశికాచారిగారు పోతన, వేమన ఫాంట్లు ఉచితంగా ఇచ్చారు. ఆ తరవాత గిడుగు, మల్లన్న, రామభద్ర వంటివి స్వేచ్ఛా లైసెన్సుతో వచ్చాయి. అయినా అచ్చు రంగం ఏళ్ళ తరబడి పాత ఫైలే అడిగింది. ప్రచురణకర్త పాతది అడిగితే సెంటర్‌కు పాతదే కావాలి, పాతది విండోస్ మీదే నడుస్తుంది, విండోస్‌కు కీ కావాలి. ఎక్కడో అమెరికాలో పడిన తాళం మన తెలుగు పుస్తకం మెడకు ఇలా చుట్టుకుంది.

తెనాలి నుంచి రేపల్లె వెళ్ళే రైలు భట్టిప్రోలు మీదుగా పోతుంది. 1892లో అలెగ్జాండర్ రీ అక్కడి స్తూపాన్ని తవ్వినప్పుడు దొరికిన ధాతు కరండాల మీద బ్రాహ్మీ అక్షరాలున్నాయి. భాష ప్రాకృతం. క్రీస్తుపూర్వపు ఆ లిపిలో తెలుగు లిపి తొలి జాడలు చూస్తారు పండితులు. ఆ అక్షరాలు చెక్కినవాళ్ళు ఎవరో తెలియదు. వాటిని నేర్చుకోవడానికి, మార్చుకోవడానికి, మరో రాయి మీద చెక్కడానికి ఎవరి అనుమతీ తీసుకోనక్కర్లేకపోబట్టే అవి ఇవాళ్టి అక్షరాలయ్యాయి. ఆ తరవాత చదువుకు తాళాలు కులంతో వేశారు, ఆడపుట్టుకతో వేశారు. వరలక్ష్మమ్మగారి తరం ఆ తాళాల మీదే పోరాడింది. అక్షరాన్ని మళ్ళీ ఒకరి సొత్తుగా మారనివ్వడం మనకు చిన్న విషయం కాకూడదు.

విండోస్ 10కు ఉచిత సవరణలు 2025 అక్టోబరు 14తో ఆగాయి. విండోస్ 11 చాలా పాత యంత్రాలను అంగీకరించదు. ఊళ్ళలో వేల కంప్యూటర్లు మళ్ళీ రిపేరు కొట్లకు చేరతాయి. మళ్ళీ కుర్రాళ్ళు యాక్టివేటర్లు తెస్తారు. రేపల్లె బృందం ఈసారి అలా చెయ్యలేదు. ఇద్దరు ఇంజనీరింగ్ అమ్మాయిలు వచ్చి పాత యంత్రంలోనే లినక్స్ వేసి, ఫైళ్ళకు మన సొంత తాళం, మనకు తెలిసిన తాళం వేసుకోవడం నేర్పి వెళ్ళారు. వదిన యాభై దాటాక యూనికోడ్ కీబోర్డు నేర్చుకుంటోంది. పాతికేళ్ళుగా వేళ్ళకు పట్టిన అలవాటును మార్చడం తేలిక కాదు. నేర్చుకునే ఆ మూడు నెలలు పేజీలు తగ్గితే డబ్బు తగ్గుతుంది. ఆ తగ్గిన డబ్బు ఎవరు భరించాలి? స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ గురించి ఉత్సాహంగా మాట్లాడే నా మిత్రులు ఈ ప్రశ్న దగ్గర ఆగిపోతారు.

దానికి మన వంతు జవాబు మన దగ్గరుంది. మనం రచయితలం, పరిశోధకులం, కొందరం ప్రచురణకర్తలం, పత్రికలు నడిపేవాళ్ళం. ఫైలు యూనికోడ్‌లో కావాలని అడిగేది మనమే కావాలి. అలా మారడానికి పట్టే సమయానికి పేజీ ధరలో నాలుగు రూపాయలు ఎక్కువ కట్టి, అవి ఆపరేటర్ చేతికే వెళ్ళేటట్టు చూడాలి. స్త్రీల బృందాలకు కంప్యూటర్లు దానమిచ్చేటప్పుడు లైసెన్సో, లినక్సో, అది నేర్పే మనిషి జీతమో కలిపి ఇవ్వాలి. పుస్తకం రెండో పేజీలో సెంటర్ పేరు పక్కన టైపు చేసిన మనిషి పేరు వెయ్యాలి. నా పుస్తకం రెండో ముద్రణకు వస్తోంది. వదిన పేరు వేస్తానంటే, "ఇంటిపేరు మీ అన్నది వెయ్యకు, మా నాన్నది వెయ్యి. నేర్చుకునేటప్పుడు ఫీజు కట్టింది ఆయనే" అంది. అట్లాగే పంపాను.